పెట్రోల్ బంకు డీలర్‌షిప్: ‘మీకు అర్హత లేదు’ అంటే ఏం చేయాలి

డ్రాలో మీ పేరు వచ్చాక అనర్హులని పక్కన పెట్టినా, అర్హత లేనివాళ్లకి బంకు ఇచ్చేశారని మీకు అనిపించినా, ముందు తీయాల్సింది కంపెనీ ఇచ్చిన డీలర్‌షిప్ ప్రకటనతో వచ్చిన బ్రోచర్. ప్రభుత్వ ఆయిల్ కంపెనీలు ఐఓసీ, బీపీసీఎల్, హెచ్‌పీసీఎల్ మూడూ 2018లో ఒకసారి, 2023లో ఇంకోసారి ప్రకటనలు ఇచ్చాయి. మీరు దేనికి అప్లై చేశారో దాని రూల్సే మీకు వర్తిస్తాయి. లాయర్ దగ్గరికి దాని ప్రింటు లేకుండా వెళ్లకండి.

వయసు, పదో తరగతి సర్టిఫికెట్ దగ్గర గొడవలు తక్కువ. అసలు గొడవంతా స్థలం దగ్గరే. సొంత స్థలమో 19 సంవత్సరాల 11 నెలల లీజో చేతిలో ఉంటే గ్రూప్ 1, అమ్ముతాననో లీజుకిస్తాననో ఓనర్ గట్టిగా రాసిచ్చి ఉంటే గ్రూప్ 2, ఏ స్థలమూ చూపకపోతే గ్రూప్ 3. ముందు చూసేది గ్రూప్ 1 వాళ్లనే కాబట్టి కాగితాలు పూర్తిగా లేనివాళ్లు కూడా అందులోనే టిక్ పెట్టేస్తారు, తర్వాత వెరిఫికేషన్‌లో దొరికిపోతారు. స్థలం మీద హక్కు అప్లై చేసిన రోజుకే ఉండాలి. ఏడాది దాటిన లీజుకి రిజిస్ట్రేషన్ తప్పనిసరి, నోటరీ చేసిన స్టాంపు పేపరు దానికి బదులు కాదు. నాన్నగారి పేరు మీదున్న పొలాన్నీ ఒప్పుకుంటారు, కానీ ఆయన సమ్మతి అఫిడవిట్ ఉండాలి.

మన డెల్టాలో ఇంకో చిక్కుంది. రోడ్డుకీ పొలానికీ మధ్య పంట బోదె (పొలాలకి నీళ్లు పారే చిన్న కాలువ) పోతుంటుంది. దస్తావేజులో ‘తూర్పు: రోడ్డు’ అని ఉంటుంది, ఎఫ్‌ఎంబీ (సర్వే కొలతల పుస్తకం) తీస్తే మధ్యలో బోదె ప్రభుత్వానిదని తేలుతుంది, అప్పుడు ‘స్థలం రోడ్డుకి ఆనుకుని లేదు, ఫ్రంటేజీ (రోడ్డు వైపు ముఖం) లేదు’ అనే మాట వస్తుంది. అందుకే ఈసీతో (స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాలిచ్చే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) ఆగకుండా ఎఫ్‌ఎంబీ, అడంగల్, 22-ఏ జాబితా (రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల జాబితా) మూడూ చూసుకోండి. అసైన్డ్ భూమి (ప్రభుత్వం పేదలకి ఇచ్చింది) అయితే 1977 చట్టం ప్రకారం ఆ అమ్మకమే చెల్లకపోవచ్చు.

రెండో పెద్ద గొడవ కుటుంబం. ఒక కుటుంబానికి ఒక్క డీలర్‌షిప్పే, గ్యాస్ ఏజెన్సీ ఉన్నా లెక్కలోకి వస్తుంది. అయితే పెళ్లయినవాళ్లకి ఇక్కడ కుటుంబం అంటే భార్య లేక భర్త, పెళ్లికాని పిల్లలు, అంతే. ‘వాళ్ల అన్నకి గ్యాస్ ఏజెన్సీ ఉంది’ అని పెళ్లయిన మనిషి మీద ఫిర్యాదు పెడితే నిలబడదు. పెళ్లికాని అభ్యర్థి అయితే తల్లిదండ్రులు, పెళ్లికాని అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు కూడా లెక్కే, అప్పుడు ఫిర్యాదుకి బలం ఉంటుంది.

ఇక ఏం చేయాలంటే, తిరస్కరణ కారణం రాతపూర్వకంగా తీసుకోండి. కబుర్లన్నీ మెయిల్‌కీ ఫోన్‌కీ వస్తాయి, నెట్ సెంటర్ వాళ్ల మెయిల్ ఐడీతో అప్లై చేసి ఉంటే ఈ రోజే వెళ్లి చూసుకోండి, గడువులు అక్కడే దాటిపోతాయి. కంపెనీకి ఫిర్యాదు బ్రోచర్‌లో చెప్పిన గడువులో, ఫీజుతో, ఆధారాలతో ఇచ్చి రసీదు తీసుకోండి. ‘అన్యాయం జరిగింది’ అని నాలుగు పేజీలు రాయడం కంటే ‘ఫలానా సర్వే నంబరు లీజు అప్లికేషన్ తర్వాత రిజిస్టర్ అయింది’ అనే ఒక్క వాక్యం, దాని వెనక ఈసీ కాపీ మేలు. కంపెనీ దగ్గరున్న కాగితాల కోసం అదే రోజు ఆర్‌టీఐ కూడా వేయండి, జవాబుకి 30 రోజులు పడుతుంది.

అక్కడ తేలకపోతే రాజ్యాంగం 226 అధికరణం కింద నేలపాడులోని ఏపీ హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాలి. ఇవి ప్రభుత్వ రంగ సంస్థలు కాబట్టి రిట్‌కి లోబడతాయి. ఎంపికైన వ్యక్తిని ప్రతివాదిగా చేర్చండి, లేకపోతే అదొక్కటే చాలు పిటిషన్ పడిపోవడానికి. ఆలస్యం మాత్రం అస్సలు చేయకండి. 1979లో రమణ దయారామ్ షెట్టి కేసులో సుప్రీంకోర్టు, ప్రకటించిన అర్హత షరతుని ఆ సంస్థే దాటకూడదని స్పష్టంగా చెప్పింది, కానీ పిటిషనర్ నెలల తరబడి ఆగి రావడం, ఈలోపు అవతలివాళ్లు డబ్బు ఖర్చుపెట్టేయడం చూసి ఊరట ఇవ్వలేదు. బంకు కట్టేశాక వెళ్తే మీకూ అదే ఎదురవుతుంది. మీ వైపు న్యాయం ఉండి కూడా ఇలా పోగొట్టుకుంటే చాలా బాధగా ఉంటుంది. కాబట్టి రిట్‌తో పాటే ఎల్‌ఓఐ (ఎంపికైనవాళ్లకి కంపెనీ ఇచ్చే లెటర్ ఆఫ్ ఇంటెంట్) ఆపమని మధ్యంతర ఉత్తర్వు అడగండి.

మూకుమ్మడిగా రద్దు చేస్తే మాత్రం ధైర్యంగా ఉండండి. 2002లో కేంద్రం వేల కేటాయింపులు ఒక్క దెబ్బకి రద్దు చేస్తే, ఓంకార్ లాల్ బజాజ్ కేసులో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వుని కొట్టేసి వివాదంలో ఉన్నవాటిని విడివిడిగా పరిశీలించమంది.

బడి పక్కన, ఆసుపత్రి పక్కన బంకు వస్తోందనేది అర్హత గొడవ కాదు. 50 మీటర్ల దూరం అనేది 2020 నాటి కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి నిబంధన, ఆ అభ్యంతరం జిల్లా అధికారుల ఎన్‌ఓసీ దశలో పెట్టాలి. మీరే ఎంపికైనవాళ్లయి, అవతలివాళ్లు కోర్టుకి వెళ్తారనిపిస్తే ఇప్పుడే కేవియట్ (మా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దని కోర్టుకి ముందే పెట్టుకునే అర్జీ) వేయించండి. అది 90 రోజులే పనిచేస్తుంది, ఆ తేదీ గుర్తుపెట్టుకుని మళ్లీ వేయించండి.