సర్పంచ్ ఎన్నిక మీద కేసు వేయాలనుకుంటే: లెక్కింపు రోజు నుంచే తీసుకోవాల్సిన జాగ్రత్తలు

హర్యానాలోని పానిపత్ జిల్లా బువానా లఖు గ్రామంలో 2022 నవంబర్ 2న సర్పంచ్ ఎన్నిక జరిగింది. ఒక బూత్ లెక్క మీద మొదలైన గొడవ ట్రిబ్యునల్ (ఎన్నిక తగాదాలు మొదట విచారించే కోర్టు), హైకోర్టు దాటి సుప్రీంకోర్టు దాకా పోయింది. 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు ఈవీఎంలను తన ఆవరణలోకే తెప్పించి మళ్లీ లెక్కపెట్టించింది. ఓడిపోయాడన్న అభ్యర్థికి 1,051 ఓట్లు, గెలిచాడన్న ఆయనకు 1,000 వచ్చాయి. న్యాయం జరిగింది, నిజమే. కానీ ఐదేళ్ల పదవిలో అప్పటికే రెండేళ్ల తొమ్మిది నెలలు వేరేవాళ్లు కుర్చీలో కూర్చున్నారు.

ఇలాంటి ఆలస్యాన్ని పైకోర్టు అడ్డుకోగలదు. అయితే ఆ ఆలస్యంలో మీ పాత్ర లేదని చూపించగలగాలి. అందుకే జాగ్రత్త కోర్టు మెట్లెక్కాక కాదు, లెక్కింపు బల్ల దగ్గరే మొదలవ్వాలి.

మన తెలుగు రాష్ట్రాల్లో సర్పంచ్ ఓటు బ్యాలెట్ పేపరు మీదే. గొడవంతా ఎక్కువగా చెల్లని ఓట్ల దగ్గర వస్తుంది: రెండు గుర్తుల మధ్య గీత మీద పడిన స్వస్తిక్ ముద్ర, మడతపెట్టినప్పుడు ఎదురుగా అంటుకున్న సిరా మరక. కౌంటింగ్ ఏజెంటుగా నోరున్నవాణ్ణి కాదు, ఓపికగా రాసుకునేవాణ్ణి పెట్టండి. ఏ వార్డు కట్టలో ఎన్ని ఓట్లు పక్కన పెట్టారు, ఎందుకు పెట్టారు అన్నది టైముతో సహా నోట్‌బుక్‌లో ఉండాలి. రీకౌంటింగ్ కావాలంటే ఫలితం ప్రకటించకముందే కారణాలతో రాసి రిటర్నింగ్ అధికారికి ఇవ్వండి. తీసుకున్నట్టు సంతకం అడగండి. బయటికొచ్చి కేకలేస్తే దానికి రికార్డు ఉండదు.

మర్నాడు చాలామంది చేసే తప్పు, నేరుగా హైకోర్టుకు పరిగెత్తడం. రాజ్యాంగం 243-ఓ అధికరణం ప్రకారం పంచాయతీ ఎన్నికను సవాలు చేయాలంటే రాష్ట్ర చట్టం చెప్పిన చోట ఎన్నికల పిటిషనే వేయాలి. గ్రామ పంచాయతీకి ఆ ట్రిబ్యునల్ సాధారణంగా మీ ప్రాంతపు జూనియర్ సివిల్ జడ్జి కోర్టు. 1995 నాటి ఆంధ్రప్రదేశ్ ట్రిబ్యునల్ నియమాల్లో గడువు ఫలితం ప్రకటించిన రోజు నుంచి 30 రోజులు. హైకోర్టులో రిట్ పిటిషన్ వేసి, అది కొట్టేశాక ఇటు వచ్చేసరికి గడువు కాస్తా దాటిపోతుంది.

పిటిషన్‌లో ‘అక్రమాలు జరిగాయి, మళ్లీ లెక్కించాలి’ అని రాస్తే సరిపోదు. ఓటు రహస్యం కాబట్టి పెట్టెలు ఊరికే తెరవకూడదని, ముందు కచ్చితమైన వివరాలు చూపాలని 1964లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఇక్కడే ఆ నోట్‌బుక్ పనికొస్తుంది. మీరే గెలిచినట్టు ప్రకటించమని కోరుతుంటే పోటీచేసిన వాళ్లందర్నీ ప్రతివాదులుగా చేర్చండి. ఒక్క పేరు వదిలేసినా అవతలి వకీలు ముందు దాన్నే పట్టుకుంటాడు. బ్యాలెట్ కట్టలను తీర్పు దాకా భద్రపరచమని మొదటిరోజే దరఖాస్తు పెట్టండి.

ఆ తర్వాత వాయిదాల కాలం. గెలిచినవాడికి తొందరేమీ ఉండదు. సమన్లు అందలేదంటాడు, కౌంటర్‌కు (రాతపూర్వక జవాబుకు) టైమ్ అంటాడు, సాక్షి ఊళ్లో లేడంటాడు. నేను చూసిన ఒక కేసులో అభ్యర్థి, అవతలివాళ్లు రెండేళ్లుగా సాగదీశారని మండిపడుతూ వచ్చాడు. డాకెట్ (ప్రతి వాయిదాకు ఏం జరిగిందో కోర్టు రాసుకునే రికార్డు) నకలు తీయిస్తే అందులో ఏడు వాయిదాలు ఆయన తరఫు వకీలు అడిగినవే! ఆయనకు ఆ సంగతే తెలియదు. కాబట్టి ప్రతి వాయిదాకు మీరే వెళ్లండి. తేదీ, వాయిదా ఎవరు అడిగారు, ఎందుకు అన్న మూడు గడులతో కాగితం పెట్టుకోండి. సాక్షుల జాబితా, వాళ్ల అఫిడవిట్లు ముందే సిద్ధంగా ఉంచండి. కోర్టు ఇన్‌ఛార్జి జడ్జి చేతిలో ఉన్న నెలలను కూడా విడిగా రాసుకోండి, అది ఎవరి తప్పూ కాదు.

అయినా కదలకపోతే మొదట ట్రిబ్యునల్‌లోనే త్వరగా విచారించమని రాతపూర్వకంగా అడగండి. దానికీ ఫలితం లేకపోతే రాజ్యాంగం 227 అధికరణం కింద హైకోర్టుకు వెళ్లొచ్చు. కింది కోర్టులు, ట్రిబ్యునళ్ల మీద పర్యవేక్షణ అధికారం దానిదే. ఫలానా గడువులోగా తేల్చమని ఆదేశించమనే అక్కడ అడగాలి. ఎవరు గెలిచారో తేల్చమని అడిగితే పని చెడుతుంది. డాకెట్ సర్టిఫైడ్ కాపీ, మీ మూడు గడుల కాగితం జతచేయండి.

గడువుతో ఉత్తర్వు వచ్చిన రోజే దాని కాపీ తీసి ట్రిబ్యునల్‌లో మెమోతో దాఖలు చేయాలి, అది దానంతటదే అక్కడికి చేరుతుందని కూర్చోవద్దు. ఒక చిన్న సంగతి. పదవీకాలం ఏ తేదీతో ముగుస్తుందో హైకోర్టు పిటిషన్ మొదటి పేరాలోనే రాయించండి. ఆంధ్రప్రదేశ్‌లో 2021 ఫిబ్రవరిలో గెలిచిన సర్పంచుల మీద వేసిన కేసులకు 2026తో ఆ ఐదేళ్లూ అయిపోయినట్టే. జడ్జి ముందుగా చూసేది ఆ తేదీనే.