లోక్‌సభ సీట్ల పట్టిక చదవడం, 3వ పాఠం: అంకె ఎందుకు మారింది, ఎందుకు ఆగింది

పోయిన పాఠంలో ఆంధ్రప్రదేశ్ లోక్‌సభ సీట్ల పట్టిక రాసుకున్నాం. 1957, 1962 ఎన్నికల్లో 43. 1967, 1971లో 41. 1977 నుంచి 2014 దాకా 42. 2019 నుంచి 25. ఇప్పుడు పెన్సిల్ తీసుకుని అంకె మారిన ప్రతిచోటా ఒక గీత గీయండి. గీత పక్కన కారణం రాయాలి. జనాభా, చట్టం, సరిహద్దు: ఈ మూడింట్లో ఏదో ఒకటి ఉంటుంది, ఒక్కోసారి రెండు కలిసి ఉంటాయి.

మొదటి గీత 43, 41 మధ్య. కారణం జనాభా. 1951–61 మధ్య దేశ జనాభా 21 శాతానికి పైగా పెరిగితే, ఆంధ్రప్రదేశ్‌లో పెరుగుదల 16 శాతం లోపే. 1961 లెక్కల ప్రకారం సీట్లు సర్దినప్పుడు రెండు పోయాయి. మద్రాసు రాష్ట్రానికీ అప్పుడే 41 కాస్తా 39 అయింది.

రెండో గీత దగ్గర చాలామంది పప్పులో కాలేస్తారు. 41 నుంచి 42కి వచ్చాం కాబట్టి మన వాటా పెరిగిందనుకుంటారు. కానీ 1973లో 31వ రాజ్యాంగ సవరణ లోక్‌సభ గరిష్ఠ పరిమితినే పెంచింది. 1971లో మొత్తం 518 సీట్లకు ఎన్నికలు జరిగాయి, 1977లో 542కి. భాగించి చూడండి: 518లో 41 అంటే 7.9 శాతం, 542లో 42 అంటే 7.7 శాతం. సీటు పెరిగింది, వాటా తగ్గింది. అందుకే పట్టికలో ‘మొత్తం సభ’ అని ఇంకో నిలువు వరస తప్పకుండా ఉండాలి.

మూడో గీత తేలిక. 42 = 25 + 17. రాష్ట్రం రెండయింది. ఒక్క జాగ్రత్త మాత్రం తీసుకోండి. 2014 పోలింగ్ ఏప్రిల్ 30న, మే 7న జరిగింది, విభజన అమల్లోకి వచ్చింది జూన్ 2న. అందుకే ఆ ఏడాది ఫలితాలు కొన్ని పట్టికల్లో 42గా, కొన్నింట్లో 25, 17గా కనిపిస్తాయి. టీడీపీకి ఒకచోట 16, మరోచోట 15 కనబడితే కంగారు పడకండి, ఆ తేడా తెలంగాణలో టీడీపీ గెలిచిన మల్కాజిగిరి.

నన్నడిగితే అసలు కథ గీతలు లేని చోటే ఉంది. 1977 నుంచి 2014 దాకా 42 ఎందుకు కదల్లేదు? జనాభా ఆగిపోలేదుగా! 1976లో 42వ సవరణ, 1971 లెక్కల దగ్గరే సీట్లను స్తంభింపజేసింది. కుటుంబ నియంత్రణ పాటించిన రాష్ట్రాలకు ఆ కారణంగా సీట్లు తగ్గకూడదన్నది ఉద్దేశం. 84వ సవరణ దాన్ని 2026 తర్వాత జరిగే మొదటి జనాభా లెక్కల దాకా పొడిగించింది. 2009 ఎన్నికల నాటికి నియోజకవర్గాల హద్దులు మారాయి, హన్మకొండ, సిద్దిపేట, మిర్యాలగూడ పేర్లు పోయి చేవెళ్ల, భువనగిరి, జహీరాబాద్ వచ్చాయి. సంఖ్య మాత్రం అదే 42.

స్తంభన ప్రభావం తెలియాలంటే జనాభాను సీట్లతో భాగించాలి. 1971లో ఆంధ్రప్రదేశ్ జనాభా 4.35 కోట్లు, ఆ లెక్కల ప్రకారం వచ్చిన 42 సీట్లతో భాగిస్తే ఒక ఎంపీకి 10.4 లక్షల మంది. ఉత్తరప్రదేశ్‌లో 8.83 కోట్లకు 85 సీట్లు, అక్కడా 10.4 లక్షలే. 2011కి వద్దాం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 8.46 కోట్లు, అంటే ఎంపీకి 20.1 లక్షలు. ఉత్తరాఖండ్ విడిపోయాక 80 సీట్లు మిగిలిన ఉత్తరప్రదేశ్‌లో దాదాపు 25 లక్షలు. డీలిమిటేషన్ (జనాభాను బట్టి సీట్లు, నియోజకవర్గాల హద్దులు మళ్లీ సర్దడం) మాట ఎత్తగానే దక్షిణాదిలో టెన్షన్, ఉత్తరాదిలో ‘మా ఓటు విలువ తగ్గింది’ అన్న ఫిర్యాదు ఎందుకో ఈ రెండు భాగాహారాలు చెప్పేస్తాయి. ఎవరి వాదన న్యాయమో మాత్రం భాగాహారం చెప్పదు.

పాత ఎన్నికలకు వెళ్లేవాళ్లకు ఒక హెచ్చరిక. 1952, 1957లో కొన్ని నియోజకవర్గాల నుంచి ఇద్దరేసి ఎంపీలు ఎన్నికయ్యేవారు. 1961 చట్టంతో ఆ పద్ధతి పోయింది. కాబట్టి ఆ రెండు ఎన్నికల్లో నియోజకవర్గాల పేర్లు లెక్కపెట్టి అన్నే సీట్లనుకోవద్దు. 1952లో నెహ్రూ కంటే ఎక్కువ ఓట్లు తెచ్చుకున్న రావి నారాయణరెడ్డి గెలిచిన నల్లగొండ కూడా ఇద్దరు సభ్యుల స్థానమే.

అభ్యాసం: 1971లో కేరళ 2.13 కోట్లు, రాజస్థాన్ 2.58 కోట్లు. 2011లో 3.34 కోట్లు, 6.85 కోట్లు. సీట్లు రెండుసార్లూ 1971 లెక్కల ప్రకారం ఇచ్చినవే తీసుకోండి: 20, 25. ఎంపీకి ఎంతమందో నాలుగు గడుల్లో రాయండి. నాలుగో గడిలో 27.4 లక్షలు వస్తే లెక్క సరిగ్గా చేసినట్టే. వచ్చే పాఠంలో రాజ్యసభ: ఉమ్మడి రాష్ట్రపు 18 సీట్లు 11, 7గా ఎలా విడిపోయాయో చూద్దాం.