చైనాలోని అల్పసంఖ్యాక జాతుల గురించిన వార్తను ఎలా చదవాలి?

చైనా మైనారిటీల గురించి తెలుగులో మనకు ఎక్కువగా కనిపించేవి రెండే రకాలు. ఒకటి, షింజియాంగ్ ప్రాంతపు ఉయ్గుర్ల నిర్బంధం గురించో టిబెట్ గురించో అంతర్జాతీయ వార్తాసంస్థలు ఇచ్చిన కథనాలు. రెండోది, సంప్రదాయ దుస్తుల్లో నాట్యం చేస్తున్న పల్లెవాసుల పర్యాటక చిత్రాలు. 2020 జనగణన ప్రకారం దాదాపు 12 కోట్ల 54 లక్షల మందికి చెందిన వ్యవహారం ఇది. కనుక వార్త చేతికి వచ్చినప్పుడు కొన్ని ప్రశ్నలు వేసుకుంటూ చదవడం అవసరం.

మొదట ఏ జాతి గురించి చెబుతున్నారో చూడండి. ప్రభుత్వం గుర్తించిన 56 జాతుల్లో హాన్ జాతివారు 91.11 శాతం కాగా, మిగిలిన 55 జాతులూ కలిసి 8.89 శాతం. ఈ 55లో పోలికల కంటే తేడాలే ఎక్కువ. అందరికంటే పెద్ద జాతి అయిన జువాంగ్‌ల జనాభా కోటీ 95 లక్షలు దాటినా వారి పేరు వార్తల్లో వినిపించదు. హుయ్‌లు ముస్లింలే అయినా మాట్లాడేది చైనీస్. ఉయ్గుర్లూ ముస్లింలే, కానీ వారిది తుర్కిక్ భాష, అంటే టర్కీ భాషకు చుట్టమైనది. అందువల్ల ఒక జాతికి జరిగినదాన్ని అందరికీ అంటగట్టకూడదు, ఒక జాతి బాగోగులు చూపించి అందరూ సుఖంగా ఉన్నారని నమ్మకూడదు.

రెండో ప్రశ్న అంకెల గురించి. ఈ జాతుల జాబితా ప్రభుత్వం తయారుచేసినదని మరవకండి. 1953 జనగణనలో ప్రజలు తమ జాతి పేర్లుగా 400కు పైగా పేర్లు నమోదు చేయించుకున్నారు. తర్వాత ఫే షియావోటోంగ్, లిన్ యావోహువా వంటి పండితులు పాల్గొన్న సర్వేల ఆధారంగా వాటిని కుదించారు. చివరగా 1979లో యున్నాన్ రాష్ట్రంలోని జినో జాతిని చేర్చాక జాబితా మూతపడింది. లుగు సరస్సు చుట్టూ ఉండే మోసువోలకు ప్రత్యేక గుర్తింపు దక్కలేదు: యున్నాన్‌లో వారిని నాషీ జాతిగా, సిచువాన్‌లో మంగోలులుగా లెక్కిస్తారు. షెడ్యూల్డ్ తెగల జాబితాలో చోటు కోసం మన దగ్గర సాగే పోరాటాలు తెలిసినవారికి ఆ గుర్తింపు ఎంత ముఖ్యమో వివరించనక్కరలేదు. చైనాలో ప్రతి పౌరుడి గుర్తింపు కార్డు మీదా జాతి పేరు అచ్చవుతుంది. మిశ్రమ వివాహాల సంతానానికి తల్లిదండ్రుల్లో ఎవరో ఒకరి జాతి రాయించుకోవాలి. 1982లో 43 లక్షలున్న మంచూలు 1990 నాటికి 98 లక్షలయ్యారు. ఎనిమిదేళ్లలో జనాభా రెండింతలు దాటడం పుట్టుకల వల్ల సాధ్యం కాదు. అంతకుముందు హాన్‌లుగా నమోదైనవారు లక్షల్లో తమ జాతిని మార్పించుకున్నారు. కనుక పెరుగుదల కనిపించినప్పుడల్లా అది పుట్టుకల వల్ల వచ్చిందా, నమోదు వల్ల వచ్చిందా అని అడగండి.

తర్వాత పటం తెరవండి, ఎందుకంటే ఒక జాతి పేరున్న ప్రాంతమూ ఆ జాతి నివసించే చోటూ ఒకటే కాకపోవచ్చు. ఇన్నర్ మంగోలియా, షింజియాంగ్, గ్వాంగ్షీ, నింగ్షియా, టిబెట్ అనే ఐదు స్వయంప్రతిపత్తి ప్రాంతాలతో పాటు వాటికి దిగువన 30 స్వయంప్రతిపత్తి ప్రిఫెక్చర్లు (రాష్ట్రానికీ కౌంటీకీ మధ్య స్థాయి విభాగాలు), 120 కౌంటీ స్థాయి విభాగాలు ఉన్నాయి. టిబెటన్లలో సగానికి పైగా టిబెట్ స్వయంప్రతిపత్తి ప్రాంతం వెలుపల చింగ్‌హాయ్, సిచువాన్, గాన్సు, యున్నాన్‌లలో నివసిస్తున్నారు. ఇన్నర్ మంగోలియాలోనేమో మంగోలులు ఐదో వంతు కూడా లేరు.

అన్నిటికంటే ముఖ్యమైన ప్రశ్న అధికారం ఎవరిదన్నది. 1984 నాటి ప్రాంతీయ జాతుల స్వయంప్రతిపత్తి చట్టం ప్రకారం స్వయంప్రతిపత్తి ప్రాంత ప్రభుత్వాధిపతి స్థానిక జాతికి చెందినవారే కావాలి. ఈ నియమం నిజంగానే అమలవుతోంది. అయితే చైనాలో ఏ స్థాయిలోనైనా అసలు నిర్ణేత కమ్యూనిస్టు పార్టీ కార్యదర్శి, ఆ పదవికి ఈ చట్టం వర్తించదు. టిబెట్ స్వయంప్రతిపత్తి ప్రాంతానికి ఇప్పటివరకూ ఒక్క టిబెటన్ కూడా పార్టీ కార్యదర్శి కాలేదు. ఇన్నర్ మంగోలియాలో ఉలాన్‌హు, షింజియాంగ్‌లో 1970లలో సైఫుద్దీన్ అజీజీ ఆ పదవిలో ఉన్నారు గానీ అవి అరుదైన ఉదాహరణలు. స్థానిక నాయకుడి పేరు వార్తలో కనిపిస్తే ఆయన ప్రభుత్వాధిపతా, పార్టీ కార్యదర్శా అన్నది తప్పక చూడండి.

భాష విషయంలో హామీనీ అమలునూ పక్కపక్కన పెట్టి చదవాలి. చైనా కరెన్సీ నోటును వెనక్కి తిప్పితే మంగోల్, టిబెటన్, ఉయ్గుర్, జువాంగ్ భాషల్లో కేంద్ర బ్యాంకు పేరు ఉంటుంది. సొంత భాషలను వాడుకునే, పెంపొందించుకునే స్వేచ్ఛ అన్ని జాతులకూ ఉందని రాజ్యాంగం నాలుగో అధికరణం అంటుంది. దేశమంతటా ప్రామాణిక చైనీస్‌ను ప్రోత్సహించాలని అదే రాజ్యాంగం 19వ అధికరణం అంటుంది. మైనారిటీ పిల్లలు ఎక్కువగా ఉన్న బడుల్లో వారి భాషలో పాఠాలు చెప్పాలన్న చట్ట నిబంధనకు ‘వీలున్నచోట’ అన్న షరతు ఉంది. 2020 ఆగస్టు చివర ఇన్నర్ మంగోలియా అధికారులు భాషా సాహిత్యాలు, రాజనీతి, చరిత్ర పాఠాలను దశలవారీగా చైనీస్‌లోకి మారుస్తామని ప్రకటించినప్పుడు తల్లిదండ్రులు పిల్లలను బడికి పంపడం మానేశారు. అధికారులు వెనక్కి తగ్గలేదు. బిడ్డ ఏ భాషలో చదవాలన్నది ఇంటివాళ్ల చేతిలో లేకుండా పోవడం చిన్న విషయం కాదని నేను గట్టిగా నమ్ముతాను.

మైనారిటీలకు రాయితీలు ఎక్కువన్న వాదన కూడా మీకు ఎదురవుతుంది. కళాశాల ప్రవేశ పరీక్షలో అదనపు మార్కులు, ఒకే బిడ్డ నిబంధన నుంచి సడలింపులు ఉండేవన్న మాట నిజమే. కానీ ఆ వార్త తేదీ చూడండి, ఎందుకంటే అదనపు మార్కులను చాలా ప్రాంతాల్లో తగ్గిస్తున్నారు. షింజియాంగ్‌లో 2017లో హాన్‌లకూ ఇతరులకూ ఒకే సంతాన పరిమితి పెట్టి, కఠినంగా అమలు చేశారు. అక్కడ వెయ్యి మందికి 15.88గా ఉన్న జననాల రేటు 2019 నాటికి 8.14కు పడిపోయిందని అధికారిక గణాంకాలే చెబుతున్నాయి.

ఉయ్గుర్లను ఉంచిన షింజియాంగ్ శిబిరాల గురించి చదివేటప్పుడు ఎవరు, ఏ ఆధారంతో చెబుతున్నారో విడదీసి రాసుకోండి. అవి వృత్తి విద్యా శిక్షణ కేంద్రాలని చైనా ప్రభుత్వం 2019 ఆగస్టులో శ్వేతపత్రం వెలువరించింది. 2022 ఆగస్టు 31న ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కార్యాలయం ఇచ్చిన నివేదిక, అక్కడి నిర్బంధాలు మానవాళిపై నేరాలు కావచ్చని పేర్కొంది. చైనా దాన్ని తోసిపుచ్చింది. బయటపడినవారి సాక్ష్యాలు, ఉపగ్రహ చిత్రాలు, ప్రభుత్వ పత్రాలు ఒకదానితో ఒకటి ఎక్కడ సరిపోలుతున్నాయో చూస్తే మీ అంచనాకు గట్టి పునాది దొరుకుతుంది. ప్రాంతం లోపలి నుంచి విమర్శ వినిపించకపోవడాన్ని మాత్రం సమ్మతిగా లెక్కించకండి. చైనా రాజ్యాంగ పరిధిలోనే ఉయ్గుర్ల హక్కుల గురించి రాసిన బీజింగ్ ఆర్థికశాస్త్ర అధ్యాపకుడు ఇల్హామ్ తోహ్తీకి 2014 సెప్టెంబరులో యావజ్జీవ కారాగార శిక్ష పడింది.