మెడ ఆపరేషన్ అయినవాళ్లు మెడ విరిపించుకోవద్దు: దీక్షల సీజన్‌కు ముందు జాగ్రత్తలు

2024లో కర్ణాటకలో ఓ యువకుడు సెలూన్‌లో తలకు మసాజ్ చేయించుకున్నాడు. చివర్లో మెడ గట్టిగా తిప్పేసరికి లోపలి రక్తనాళం చిరిగి పక్షవాతం వచ్చిందన్న వార్త చాలామందికి గుర్తుండే ఉంటుంది. మెడలో ప్లేటు, స్క్రూలు ఉన్నవాళ్లకు ఆ విరుపు ఇంకా ప్రమాదం. భవానీ దీక్షలు, ఇంద్రకీలాద్రి దగ్గర తలనీలాలు, తర్వాత గుంటూరులో మిర్చి పనులు వరసగా వస్తున్నాయి కాబట్టి ఇప్పుడే చెబుతున్నాం.

ఈ మెడ ఆపరేషన్‌లో పాడైన డిస్క్ (పూసల మధ్య మెత్త) తీసి, రెండు పూసల మధ్య ఎముక పెట్టి, ప్లేటు బిగిస్తారు. ప్లేటు పని ఆ పూసల్ని కదలకుండా పట్టి ఉంచడం వరకే. అతుక్కోవాల్సింది ఎముక. దానికి మూడు నుంచి ఆరు నెలలు, కొందరికి ఏడాది కూడా పడుతుంది. ఈలోగా మెడ విరిస్తే స్క్రూలు వదులవుతాయి. అతుక్కున్నాక విరిస్తే ఆ చోటు కదలదు, బలమంతా పై డిస్క్ మీద, కింది డిస్క్ మీద పడుతుంది. అవి అప్పటికే అదనపు బరువు మోస్తుంటాయి. ఎలా చూసినా నష్టమే.

మరి తెలిసీ ఎందుకు వెళ్తారు? ఆపరేషన్ తర్వాత కూడా బాధ పూర్తిగా పోదు గనక. భుజం రెక్కల మధ్య సలుపు కొన్ని వారాలు మామూలే. చాలాకాలం నలిగిన నరం తేరుకోవడానికి నెలలు పడుతుంది, వేళ్ల తిమ్మిరి కొందరికి కొంత మిగిలిపోతుంది కూడా. దాన్ని చూసి ఆపరేషన్ ఫెయిలైందనుకుని నరాల మసాజ్‌కు, నాటు వైద్యుడి దగ్గరకు పోతారు. అక్కడే మనుషులు పాడైపోతున్నారు. మెడ విరిపించుకోవద్దు.

సెలూన్‌లో ఇంకో చిక్కుంది. కటింగ్ అవగానే గడ్డం కింద ఒక చెయ్యి, తల వెనక ఒక చెయ్యి వేసి టక్కున తిప్పేస్తారు. మీరు అడగక్కర్లేదు, అలవాటుగా చేసేస్తారు. అందుకే కుర్చీలో కూర్చోకముందే చెప్పండి. గుండు చేయించుకునేటప్పుడు తల వంచి నొక్కవద్దని ముందే చెప్పండి.

మింగడం కష్టంగా ఉండటం, గొంతు బొంగురుపోవడం మొదటి వారాల్లో ఎక్కువమందికి ఉంటుంది. నిటారుగా కూర్చుని చిన్న ముద్దలు తినండి, ఇడ్లీని సాంబారులో నానబెట్టుకోండి, మాత్రలు ఒక్కొక్కటిగా వేసుకోండి. కానీ మెడ ముందు వాపు పెరిగి, పడుకుంటే ఊపిరాడక, ఉమ్మి కూడా మింగలేకపోతే లోపల రక్తం గడ్డకట్టి గాలిగొట్టాన్ని నొక్కుతుండవచ్చు. ఇది ఎక్కువగా మొదటి రెండు రోజుల్లో వస్తుంది, ఇంటికొచ్చాక కూడా రావచ్చు. వెంటనే 108. బండి మీద ఎక్కించుకుని వెళ్లకండి. జ్వరంతోపాటు మింగితే నొప్పి పెరుగుతున్నా అదే రోజు ఆసుపత్రికి.

చొక్కా గుండీలు పెట్టుకోలేకపోవడం, అన్నం కలిపితే ముద్ద నిలవకపోవడం, కాలి చెప్పు జారిపోయినా తెలియకపోవడం, నడకలో తూలడం, మూత్రం పట్టు తప్పడం: ఇవి వెన్నుపాము నలుగుతున్న గుర్తులు. నీరసం అనుకుని బి12 సూదులతో రోజులు గడపకండి. ఆపరేషన్ అయిన కొద్ది రోజులకే ఒక చెయ్యి భుజం దగ్గర పైకి లేవకపోతే అదే రోజు సర్జన్‌కు చెప్పండి.

ఇరుముడి తల మీద పెట్టుకోవద్దు, చేత్తో పట్టుకోండి, లేదా తోడొచ్చినవాళ్లకు ఇవ్వండి. మిర్చి టిక్కీ (బస్తా) జోలికి అసలు పోవద్దు, అది నలభై కిలోల పైమాటే. సర్జన్ ఒప్పుకునేదాకా నిండు బిందె ఎత్తవద్దు, టూవీలర్ వెనక సీటులో కూడా ఎక్కవద్దు. సిగరెట్, ఖైనీ, గుట్కా మానాలి. వాటిలోని నికోటిన్ ఎముకను సరిగా అతుక్కోనివ్వదు. ఆర్‌ఎంపీ దగ్గర డైక్లోఫెనాక్ నొప్పి సూదులు వేయించుకోవద్దు, అవీ అతుకును ఆలస్యం చేయవచ్చు. షుగర్ అదుపులో పెట్టండి. కాలర్ (మెడ పట్టీ) ఎన్నాళ్లో సర్జన్ చెప్పినన్నాళ్లే. ఎత్తు దిండు వద్దు. ఫోన్ ఒళ్లో పెట్టుకుని చూడొద్దు. ట్రాక్షన్ (మెడను లాగి పట్టే చికిత్స) ఎవరు పెడతామన్నా ఎక్స్‌రే చూపించనిదే ఒప్పుకోవద్దు. మెడ విరిపించుకోవద్దు. రేపు ఏ ఆపరేషన్‌కు వెళ్లినా, పళ్ల డాక్టర్ కుర్చీలో వాలినా, మెడలో ప్లేటు ఉందని, తల వెనక్కి వంచవద్దని ముందే చెప్పండి.