విశాఖ నుంచి అరకుకు పదిమందితో ఒక్కరోజు యాత్ర: గైడుతో ఎలా వెళ్లి రావాలి?

అరకు ప్రయాణానికి లెక్క సాయంత్రం నుంచి వెనక్కి వేసుకోవాలి. డిసెంబరులో మన వైపు సాయంత్రం ఐదున్నర కాకముందే పొద్దు గుంకుతుంది. ఘాట్ రోడ్డు మీద కొండ నీడ అంతకంటే ముందే పడుతుంది, దాని వెనకే పొగమంచు దిగుతుంది. అందుకని చలికాలంలో నాలుగింటికల్లా బండి, తిరుగుదారిలో చివరగా చూసే బొర్రా గుహల దగ్గర్నుంచి కదిలి తీరాలి. ఆ ఒక్క టైము ఖాయం చేసుకుంటే మిగతా రోజంతా దానికి తగ్గట్టు సర్దుకుంటుంది. పొద్దున్నే బయల్దేరి కూడా చీకట్లో ఘాట్ దిగేవాళ్లంతా ఈ లెక్కను ముందు నుంచి వేసుకుంటూ పోయినవాళ్లే: ఇక్కడ పది నిమిషాలు, అక్కడ ఓ ఫొటో, ఇంకో టీ.

ఎంతమంది, ఏ బండి

పదిమంది సరైన సంఖ్య. పన్నెండు సీట్ల టెంపో ట్రావెలర్‌లో పదిమంది, ఒక గైడు కూర్చున్నాక ఇంకో సీటు ఖాళీగా ఉంటుంది. ఆ ఖాళీ సీటు చాలా అవసరం, సంచులు పెట్టడానికో, కడుపులో తిప్పినవాళ్లను ముందుకు మార్చడానికో పనికొస్తుంది. ఇరవైమంది అయితే రెండు బళ్లు కావాలి. రెండు బళ్లంటే ముందు బండి ప్రతిచోటా వెనక బండి కోసం ఎదురుచూడాలి, రోజులో గంటన్నర అలాగే పోతుంది. పైగా గుహలో గైడు మాట పదిమందికి గొంతు చించుకోకుండానే వినపడుతుంది.

విశాఖ నుంచి అరకు రోడ్డు మీద సుమారు 115 కిలోమీటర్లు. రానూపోనూ 230, బొర్రా మలుపు, అరకులో తిరుగుడు కలుపుకుంటే 260 దాకా అవుతుంది. బండి మాట్లాడేటప్పుడు నాలుగు సంగతులు తేల్చుకోండి: కిలోమీటరుకు ఎంత, రోజుకు కనీసం ఎన్ని కిలోమీటర్లకు కట్టాలి, డ్రైవర్ బేటా (రోజు భత్యం) ఎంత, మీటరు మీ వీధి నుంచి మొదలవుతుందా, వాళ్ల షెడ్డు నుంచా. గొడవలు వచ్చేది ఎక్కువగా ఈ నాలుగోదాని దగ్గరే. షెడ్డు గాజువాకలో ఉండి మీరు మధురవాడలో ఎక్కితే ఆ తేడా బిల్లులో కనబడుతుంది. బయల్దేరేముందు మీటరు రీడింగు ఫొటో తీసి, గుంపులో ఒకరి ఫోన్లో ఉంచండి.

బండి కంటే డ్రైవర్ ముఖ్యం. హైవే మీద పదేళ్లు నడిపినవాడికి కూడా ఘాట్ కొత్తే కావచ్చు. ఒక్క ప్రశ్న అడగండి: "దిగేటప్పుడు ఏ గేరులో దిగుతారు?" ఎక్కిన గేరులోనే, సెకండ్లోనో థర్డ్‌లోనో దిగుతానంటే నిశ్చింతగా ఉండొచ్చు. "న్యూట్రల్లో వదిలేస్తా, డీజిల్ కలిసొస్తుంది" అన్నాడంటే వేరే డ్రైవర్‌ను అడగండి. మరీ వాలుగా ఉన్నచోట బండి బరువును ఇంజనే పట్టి ఉంచాలి. ఆ పనంతా బ్రేకుల మీద వేస్తే అవి వేడెక్కి, పట్టు సడలి, పెడల్ తొక్కినా బండి ఆగడం మందగిస్తుంది. కాలిన రబ్బరులాంటి ఘాటు వాసన వచ్చిందంటే అర్థం అదే. అప్పుడు రోడ్డు వెడల్పుగా ఉన్నచోట పక్కకు తీసి పావుగంట, ఇరవై నిమిషాలు ఆపాలి. వేడెక్కిన చక్రాల మీద నీళ్లు కొట్టకూడదు, ఒక్కసారిగా చల్లారితే లోహం పగుళ్లివ్వొచ్చు.

గైడును ఎలా ఎంచుకోవాలి

విశాఖ నుంచి వెంట వచ్చే గైడు కంటే అనంతగిరి, అరకు వైపు ఊళ్ల కుర్రాడు మేలు. కొండమీది ఊళ్లలో ఇంట్లో మాట్లాడే మాట అన్నిచోట్లా తెలుగు కాదు. కువి, గదబ లాంటి భాషలున్నాయి, సంతల్లో అందరికీ కుదిరేది ఆదివాసీ ఒడియా. ఆ మాట తెలిసినవాడు పక్కనుంటే, కాఫీ తోటలోకి వెళ్లొచ్చా, ఫొటో తీయొచ్చా అని మీ తరఫున మర్యాదగా అడగగలడు. అరకులో బస చేసి వచ్చినవాళ్లనో, అక్కడి హోటళ్లవాళ్లనో అడిగితే నంబరు దొరుకుతుంది. ఫోన్లో మాట్లాడేటప్పుడు ఈ వారం జలపాతాల్లో నీళ్లెలా ఉన్నాయో, బొర్రా టికెట్లు ఎన్నింటికి ఆపేస్తున్నారో, రోడ్డు పనులు ఎక్కడ జరుగుతున్నాయో అడగండి. టకటకా చెప్పాడంటే రోజూ అక్కడ తిరుగుతున్నాడని అర్థం. కూలి రోజు మొత్తానికి ముందే మాట్లాడుకోండి. భోజనం మీదే. దుకాణాల్లో కమీషను కోసం ఆపనక్కర్లేదని కూడా మొదటే చెప్పేస్తే ఇద్దరికీ ఇబ్బంది ఉండదు. ఘాట్ కిందున్న ఎస్.కోట (శృంగవరపుకోట) దాకా రమ్మంటే అతనికి పొద్దున్నే బస్సు దొరకదు. ఘాట్ ఎక్కాక అనంతగిరి దగ్గర ఎక్కించుకోవడమే సుఖం.

రోజు ఇలా నడవాలి

ఐదింటికి అందరూ ఒక్కచోట కలవాలి. మద్దిలపాలెమో, ఎన్ఏడీ కొత్తరోడ్డో, ఏదో ఒకటే. ఇంటింటికీ వెళ్లి ఎక్కించుకుంటే నగరంలోనే గంట గడిచిపోతుంది. ఐదుంపావుకు కదిలితే గోపాలపట్నం, పెందుర్తి, కొత్తవలస మీదుగా ఆరున్నర, ఆరు ముప్పావుకు శృంగవరపుకోట. టిఫిన్ ఇక్కడే కానిచ్చేయాలి. ఇడ్లీ, ఉప్మా తినండి. పూరీ, మైసూరు బజ్జీ జోలికి పోవద్దు, మొదటి ఇరవై మలుపుల్లోనే నూనె సంగతి తెలుస్తుంది. వాంతులు కాకుండా వేసుకునే మాత్ర ఘాట్ మొదలయ్యే అరగంట, ముప్పావుగంట ముందే కడుపులో పడాలి. అంటే ఎస్.కోటలో టిఫిన్‌కు దిగగానే. తిప్పడం మొదలయ్యాక వేసుకున్న మాత్ర చాలావరకు వాంతిలోనే పోతుంది. గర్భిణులు, రోజూ మందులు వాడే పెద్దవాళ్లు ముందురోజే డాక్టరును అడగాలి. తల తిరిగేవాళ్లు ముందు వరుసలో కూర్చుని దూరంగా రోడ్డువైపు చూడాలి, ఫోను చూడకూడదు.

డీజిల్, బాత్రూం పని కూడా ఎస్.కోటలోనే పూర్తి చేసుకోండి. పైన శుభ్రమైన మరుగుదొడ్లు తక్కువ, ఆడవాళ్లకు ఇది పెద్ద సంగతి. చిల్లర నోట్లు ఉంచుకోండి. ఘాట్‌లో సిగ్నల్ వస్తూ పోతూ ఉంటుంది, ఫోన్‌పే నమ్ముకుని టీ తాగితే టీకొట్టు దగ్గరే నిలబడిపోతారు. మ్యాపు కూడా ముందే ఫోన్లోకి దించుకోవాలి.

బొడ్డవర దాటాక కొండ మొదలవుతుంది. తైడా, డముకు, అనంతగిరి వరసగా వస్తాయి. బొర్రాకు చీలే రోడ్డు కనబడినా తిరగొద్దు. అంత పొద్దున్నే గుహలు తెరిచి ఉండవు, గేటు దగ్గర కోతులతో కాలక్షేపం చేయాల్సి వస్తుంది. దూరంగా ఉన్నది ముందు చూసుకుని, బొర్రాను తిరుగుదారికి ఉంచుకోవాలి. గాలికొండ వ్యూపాయింట్ దగ్గర ఇరవై నిమిషాలు చాలు. పొగమంచు కమ్మి ఏమీ కనబడకపోతే, తొలగుతుందని ఎదురుచూడకండి. ఒక్కోసారి పదింటిదాకా తొలగదు.

సుంకరిమెట్ట కాఫీ తోటల దగ్గర మాత్రం గంట ఇవ్వండి. ఇక్కడి కాఫీ అరబికా రకం, పెద్ద చెట్ల నీడలో పెరుగుతుంది. నీడకు పెంచే సిల్వర్ ఓక్ చెట్లకు మిరియాల తీగ ఎక్కిస్తారు, ఒకే నేలలో రెండు పంటలన్నమాట. అరకు కాఫీకి 2019లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. నవంబరు నుంచి జనవరి దాకా కాయ ఎర్రబడుతుంది. రైతును అడిగి ఒక్క పండు నొక్కి చూడండి, తియ్యటి జిగురులోంచి రెండు గింజలు జారి చేతిలో పడతాయి. ఆ జిగురు పోగొట్టి ఎండబెట్టి వేయించాకే మనం ఎరిగిన వాసన పుడుతుంది. మార్చి, ఏప్రిల్లో ఓ వాన పడ్డాక వెళ్తే కాయలుండవు కానీ కొమ్మ పొడవునా తెల్లటి పూలు, మల్లెను తలపించే వాసన. పొడి కొనేటప్పుడు ప్యాకెట్ మీద చికోరీ (కాఫీలో కలిపే వేరు పొడి) శాతం చూడండి. కలపని పొడి కావాలంటే నోరు తెరిచి అడగాలి.

పావు తక్కువ పదకొండుకల్లా అరకు చేరితే గిరిజన మ్యూజియం చూడటానికి గంట ఉంటుంది. శుక్రవారమైతే మ్యూజియం మానేసి సంతకే వెళ్లండి. పిప్పళ్లు, చింతపండు, పసుపు, అడ్డాకులు, ఏ కాలానికా సరుకు. సంతలో బేరం చేయొచ్చు గానీ, కొండ దిగి నడిచొచ్చిన ముసలమ్మ దగ్గర పది రూపాయలకు పట్టుబట్టడం ఏం బాగుంటుంది? అడగకుండా ఫొటో తీయొద్దు. పిల్లలకు చాక్లెట్లు పంచడం కూడా మానండి, తర్వాత వచ్చే ప్రతి బండి వెంటా పరిగెత్తడం అలవాటవుతుంది. ఇక్కడి గిరిజనుల ధింసా నృత్యం ఆడించుకుంటే డబ్బు ఆడినవాళ్ల చేతికే ఇవ్వండి.

చాపరాయి జలపాతం కూడా చూడాలంటే ఏదో ఒకటి వదులుకోవాలి. అది అరకు దాటి డుంబ్రిగూడ వైపు మరో 13 కిలోమీటర్లు ఉంటుంది, మ్యూజియంతో పాటు కుదరదు. నీళ్లు పరుపుబండ మీద పల్చగా జారుతుంటాయి, చూస్తే పిల్లలు ఆడుకునే చోటులా ఉంటుంది. బండ మీద నాచు కనబడదు, కాలు జారితే కింద లోతు. వానాకాలంలో పైన ఎక్కడో వాన పడితే ఇక్కడ ఎండ ఉండగానే ప్రవాహం పెరుగుతుంది. గైడు గీసిన గీత దాటి ఎవరూ దిగకూడదు.

బొంగులో చికెన్

ఇది చెప్పగానే రాదు, తయారుకావడానికి ముప్పావుగంట పడుతుంది. అందుకే గైడు చేత పదకొండింటికే ఫోను చేయించాలి. పదిమందికి అన్నంతో పాటు మూడు కిలోల కోడి సరిపోతుంది. ఉప్పు, కారం, పసుపు, అల్లం వెల్లుల్లి పట్టించిన ముక్కల్ని ఒకవైపు కణుపు ఉన్న పచ్చి వెదురు బొంగులో కూరి, మూతికి ఆకు కుక్కి, నిప్పుల మీద తిప్పుతూ కాలుస్తారు. నూనె, నీళ్లు పోయరు, పచ్చి వెదురులోని తేమే ముక్కను ఉడికిస్తుంది. పాడయ్యేది రెండు చోట్ల. బొంగు ఎండిపోయినదైతే మాడి పగులుతుంది, లోపల పచ్చిగానే ఉంటుంది. రద్దీ రోజుల్లో ముందే కాల్చి ఉంచినది మళ్లీ వేడిచేసి ఇస్తే ముక్క పీచులా తగులుతుంది. బొంగును మీ ముందే పగలగొట్టమనండి. ఎముక దగ్గర ఎర్రదనం కనబడితే మొహమాటపడకుండా వెనక్కివ్వండి. సాయంత్రం బొర్రా మెట్లున్నాయి, ఘాట్ ఉంది. కడుపు కాస్త ఖాళీగా ఉంచుకోవడం మంచిది.

ఒంటిగంటంపావుకు బండి కదలాలి. ఇక్కడ అరగంట పోతే ఆ అరగంట బొర్రాలో కోసుకోవాల్సిందే.

బొర్రా, తిరుగుదారి

అరకు నుంచి బొర్రా 36 కిలోమీటర్లు, గంటంపావు పడుతుంది. రెండున్నరకు లోపలికెళ్తే నాలుగు లోపు బయటపడొచ్చు. చేతిలో తినేవేవీ కనబడకూడదు, కోతులు సంచిని లాగేస్తాయి. గుహలోకి మెట్లు దిగేటప్పుడు సరదాగానే ఉంటుంది, మోకాళ్ల సంగతి ఎక్కేటప్పుడు తెలుస్తుంది. నొప్పులున్నవాళ్లు మొదటి పెద్ద గది చూసి వెనక్కి రావచ్చు, గుహ అందం సగం అక్కడే ఉంది. నేల తడిగా ఉంటుంది కాబట్టి నున్నటి చెప్పులు పనికిరావు. పైనుంచి వేలాడే సున్నపు రూపాలు చుక్క చుక్కగా పెరిగినవి. వాననీరు సున్నపురాయిని కరిగించుకుని వచ్చి, జారేచోట ఆ సున్నాన్ని కొంచెం కొంచెం వదిలి వెళ్తుంది. చేతి జిడ్డు అంటితే ఆ చోట పేరుకోవడం ఆగుతుంది, అందుకే ముట్టుకోవద్దనేది. పైకప్పుకు ఉన్న కన్నంలోంచి ఆవు పడిందనీ, దాన్ని వెతుక్కుంటూ వచ్చిన కాపరి లోపల శివలింగాన్ని చూశాడనీ కథ చెబుతారు. గుహ మీదుగానే కొత్తవలస–కిరండూల్ రైలుమార్గం వెళ్తుందన్నది మాత్రం కథ కాదు. ఛత్తీస్‌గఢ్‌లోని బైలదిల్లా గనుల ఇనుప ఖనిజాన్ని జపానుకు పంపడానికి వేసిన దారి అది.

ఆ రైల్లో వెళ్లాలని మనసున్నవాళ్లు పొద్దున కిరండూల్ పాసింజర్ ఎక్కి, బండిని ఖాళీగా అరకు పంపుకోవచ్చు. సొరంగాలు, లోయలు బావుంటాయి. కానీ అది అరకు చేరేసరికి పదకొండు దగ్గరవుతుంది, ఆలస్యమైతే ఇంకా ఎక్కువ. అప్పుడు మ్యూజియం, సుంకరిమెట్టల్లో ఒకటి పోతుంది. అద్దాల విస్టాడోమ్ బోగీకి టికెట్లు చాలా ముందే అయిపోతాయి. తిరుగు రైలు మాత్రం వద్దు, మధ్యాహ్నమే ఎక్కాలి కాబట్టి రోజంతా స్టేషన్ల మధ్యే అయిపోతుంది.

బొర్రాలో బండి ఎక్కగానే గైడు ముందునుంచి ఒకసారి, మీలో ఒకరు వెనకనుంచి ఒకసారి తలలు లెక్కపెట్టాలి. రెండు లెక్కలూ పదికి రావాలి. గైడును అతని ఊరి మలుపు దగ్గర దింపి, మాట్లాడుకున్న డబ్బు అక్కడే ఇచ్చేయండి. చెత్తసంచి ఘాట్‌లో ఎక్కడా విసరకుండా ఎస్.కోట దాకా తేవాలి. మంచు పడితే డ్రైవర్ను హైబీమ్ వేయనివ్వకండి, ఆ వెలుగు తెల్లటి గోడలా తిరిగి కళ్లలోనే పడుతుంది. లోబీమ్ వేసి, ఎడమ అంచు తెల్లగీత చూస్తూ, మలుపు మలుపుకూ హారన్ కొడుతూ దిగాలి. వెనక కార్లు ఎంత తొందరపెట్టినా సరే.

ఏడున్నర ప్రాంతంలో ఎన్ఏడీ. మీటరు ఫొటో మళ్లీ తీసి, పొద్దున్నదానితో తీసివేసి, పార్కింగు రసీదులు కలిపి, డ్రైవర్ ముందే లెక్క చూసుకోండి. రేపు చూద్దాం అనుకున్న లెక్క ఎప్పుడూ తేలదు.