సాంస్కృతిక హక్కుల వాదనను ఉదారవాద దృష్టితో తూచడం ఎలా

ప్రతి మనిషీ తనకు సరైనదనిపించిన బతుకు బతకాలన్నది ఉదారవాదానికి పునాది. చాలామందికి ఆ బతుకు ఒంటరిగా దొరకదు. తమ వాళ్ల భాషలో, మతంలో, ఆచారాల్లో దొరుకుతుంది. అందుకే ఒక సమూహం వచ్చి ‘ఇది మా ఆచారం, చట్టం దీనికి చోటివ్వాలి’ అంటే ఉదారవాది తోసిపుచ్చలేడు. అదే ఆచారం ఆ సమూహంలోనే ఇంకొకరి నోరు నొక్కుతుంటే ఒప్పుకోనూ లేడు. ఇలాంటి వాదనను వ్యాసంలోనో, తరగతిలోనో, చట్టం మీద చర్చలోనో పరిశీలించేవారికి పనికొచ్చే వరస ఇది. అడుగడుగునా ఒక ప్రశ్న మాత్రం వదలకూడదు: భారం ఎవరి నెత్తిన పడుతోంది?

ముందు డిమాండ్‌ను ఒక్క వాక్యంలో రాయండి

ఆ వాక్యంలో నాలుగు సంగతులు ఉండాలి: అడుగుతున్నది ఎవరు, ఎవరిని, ఏమిటి, దానివల్ల ఎవరికి ఏం పోతుంది. ‘సంస్కృతి’ అన్న మాటను కర్తగా పెట్టకండి. సంస్కృతి ఏమీ అడగదు, అడిగేది మనుషులు. ఆమిష్‌లు అమెరికాలో ఆధునిక జీవితానికి దూరంగా బతికే ఒక క్రైస్తవ శాఖ; ‘ఆమిష్ సంస్కృతిని గౌరవించాలి’ అని రాస్తే పరిశీలించడానికి ఏమీ మిగలదు. అమెరికా సుప్రీంకోర్టు 1972లో తేల్చిన యోడర్ కేసును ఇలా రాయాలి: 16 ఏళ్లు వచ్చేదాకా పిల్లల్ని బడికి పంపాలన్న విస్కాన్సిన్ రాష్ట్ర చట్టం నుంచి, ఎనిమిదో తరగతి తర్వాత తమకు మినహాయింపు కావాలని ఆమిష్ తల్లిదండ్రులు అడిగారు, మినహాయింపు ఇస్తే పోయేది పిల్లల హైస్కూలు చదువు.

ఇలా రాయగానే అప్పటిదాకా కనబడని మూడో పక్షం బయటికొస్తుంది. అది పిల్లలు. కోర్టు తల్లిదండ్రుల వైపే తీర్పిచ్చింది. ఒక్క జస్టిస్ డగ్లస్ మాత్రం, పిల్లల మాట వినకుండా ఎలా తేలుస్తామంటూ పాక్షికంగా విభేదించారు. తీర్పు మీద మీ అభిప్రాయం ఏదైనా, ఆ ప్రశ్న అడగని విశ్లేషణ మాత్రం అసంపూర్ణమే.

తర్వాత ‘బహుళత్వం’ అన్న మాటను విడదీయండి. ఒకే సమాజంలో అనేక సంస్కృతులు ఉండటం ఒక వాస్తవం, అంతే. దాని నుంచి ఏ హక్కూ తనంతట తాను పుట్టదు. తత్వవేత్త ఐసయా బెర్లిన్ చెప్పిన విలువల బహుళత్వం వేరు: స్వేచ్ఛ, సమానత్వం, దయ వంటి నిజమైన విలువలే ఒకదానితో ఒకటి పొసగవు, వాటిని ఒకే కొలబద్దతో కొలవలేం అన్నది ఆయన మాట. మరో ఉదారవాద తత్వవేత్త జాన్ రాల్స్ మాట్లాడినది ఇంకోటి: స్వేచ్ఛగా ఆలోచించే మనుషులు, సహేతుకంగా ఆలోచిస్తూనే, మంచి జీవితం గురించి వేర్వేరు నిర్ణయాలకు వస్తారని. ఈ మూడూ కలిపేస్తే చాలామంది సాపేక్షవాదంలోకి జారిపోతారు: ‘అన్ని విలువలూ సమానమే కాబట్టి అందరినీ సహించాలి.’ ఈ వాదన తన కాళ్లు తానే నరుక్కుంటుంది. సహనం కూడా ఒక విలువే కదా. అన్నీ సమానమైతే అసహనమూ దానితో సమానమే అవుతుంది. బెర్లిన్ సాపేక్షవాది కాడు. తనను ఆ గాటన కట్టినప్పుడల్లా ఆయన కాదనే చెప్పాడు.

భారం ఎటు పడుతోంది?

అన్నిటికంటే ఎక్కువ సమయం ఇక్కడ పెట్టండి. కెనడా తత్వవేత్త విల్ కిమ్లికా చేసిన విభజన ఇందుకు మంచి పనిముట్టు. సమూహం బయటివాళ్ల ఒత్తిడి నుంచి రక్షణ కోరుతోందా, లేక తన సభ్యుల మీదే పట్టు కోరుతోందా? మొదటిది బయటి రక్షణ: భూమి బయటివారి చేతుల్లోకి పోకుండా ఆంక్ష, తమ భాషలో బడి, చట్టసభలో ప్రాతినిధ్యం లాంటివి. రెండోది లోపలి నిర్బంధం: మతం మారిన సభ్యుణ్ణి శిక్షించడం, ఆడపిల్ల చదువు ఆపడం. మొదటిదాన్ని సమూహాల మధ్య సమానత్వం పేరిట ఉదారవాది సమర్థించవచ్చు. రెండోదాన్ని సమర్థించడం కష్టం.

చిక్కేమిటంటే, అసలు కేసుల్లో రెండూ పెనవేసుకుని వస్తాయి. అమెరికాలో న్యూమెక్సికో రాష్ట్రంలోని శాంటా క్లారా ప్యూబ్లో అనే ఆదివాసీ తెగకు 1939 నాటి నియమం ఒకటి ఉండేది. మగవాడు తెగ బయట పెళ్లి చేసుకుంటే పిల్లలు సభ్యులయ్యేవారు, ఆడది చేసుకుంటే అయ్యేవారు కాదు. స్వపరిపాలన బయటి రక్షణ, ఆ స్వపరిపాలనతో చేసిన నియమం లోపలి నిర్బంధం. 1978లో అమెరికా సుప్రీంకోర్టు నియమం న్యాయమైనదని అనలేదు. తెగ మీద ఇలాంటి దావా ఫెడరల్ (దేశ కేంద్ర వ్యవస్థ) కోర్టులో నడవదని మాత్రమే చెప్పింది. కాబట్టి మీ విశ్లేషణలోనూ రెండు ప్రశ్నలు వేర్వేరు పేరాల్లో ఉండాలి. ఒకటి, ఈ నియమం అన్యాయమా? రెండు, దాన్ని సరిదిద్దే అధికారం ఎవరిది? మొదటిదానికి ‘అవును’ అన్నంత మాత్రాన రెండోదానికి ‘రాజ్యానిదే’ అన్న జవాబు రాదు. కిమ్లికా కూడా ఈ గీత గీస్తాడు.

దీన్ని కెనడాకు చెందిన లవ్‌లేస్ అనే ఆదివాసీ స్త్రీ కేసుతో పోల్చి చూడండి. బయటి మగవాణ్ణి పెళ్లాడిన ఆదివాసీ స్త్రీ చట్టం దృష్టిలో తన ఆదివాసీ హోదా కోల్పోయేలా చేసింది, ఆదివాసీల కోసం దేశం చేసిన ‘ఇండియన్ చట్టమే’. 1981లో ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కమిటీ అది ఆమె సాంస్కృతిక హక్కుకు భంగమని చెప్పింది. 1985లో చట్టాన్ని సవరించారు. ‘ఆచారం’లా కనిపించే నియమాన్ని నిజానికి రాసింది ఎవరో వెతకాలన్నది ఇక్కడి పాఠం. ఒక మనిషి తన సంస్కృతిలో ఉండే హక్కే స్త్రీ హక్కును కాపాడిందన్నదీ గమనించండి. రెండూ ఎప్పుడూ ఎదురెదురుగానే నిలబడవు.

‘నచ్చకపోతే వెళ్లిపోవచ్చు’ అన్న వాదన వస్తే

రాజకీయ తత్వవేత్త చంద్రన్ కుకాథస్ వాదన ఇదే: సభ్యులకు బయటికి వెళ్లే స్వేచ్ఛ ఉన్నంతవరకు సమూహం లోపలి వ్యవహారాల్లో రాజ్యం తలదూర్చకూడదు. వాదనలో బలం ఉంది, తేలిగ్గా తీసెయ్యకండి. కానీ వెళ్లే స్వేచ్ఛ కాగితం మీద ఉందా, కాళ్లకు ఉందా అన్నది పరీక్షించాలి. బయటి బతుకు ఎలా ఉంటుందో ఆ మనిషికి తెలుసా? చేతిలో డబ్బు, చదువు, పని ఉన్నాయా? వెళ్తే ఏం పోగొట్టుకుంటారు? కెనడాలో ఆస్తి అంతా ఉమ్మడిగా ఉండే హటరైట్ అనే క్రైస్తవ శాఖ సమాజం కొందరిని వేరే మతశాఖలో చేరారని బహిష్కరించింది. వాళ్లు తమ వాటా అడిగారు. 1970లో ఆ దేశ సుప్రీంకోర్టు ఇవ్వనక్కరలేదంది. ఏళ్ల తరబడి చేసిన చాకిరీ వదిలి కట్టుబట్టలతో బయటపడాల్సి వస్తే, తలుపు తెరిచే ఉందని ఎలా అంటాం? స్త్రీవాద తత్వవేత్త సూసన్ ఒకిన్ ఇంకో మెట్టు ముందుకెళ్లింది. వెళ్లిపోయే అవసరం అందరికంటే ఎక్కువగా ఉన్న ఆడపిల్లలకే, పెంపకం వల్ల, చిన్న వయసు పెళ్లి వల్ల, ఆ దారి అందరికంటే ఇరుకుగా ఉంటుందని చెప్పింది. ఈ అభ్యంతరానికి కుకాథస్ వైపు నుంచి సరిపోయే జవాబు లేదని మా అభిప్రాయం.

డిమాండ్ మినహాయింపు గురించి అయితే రాజకీయ తత్వవేత్త బ్రయన్ బారీ పెట్టిన మెలిక దాటాలి: చట్టానికి గట్టి కారణం ఉంటే మినహాయింపు ఎందుకు, గట్టి కారణం లేకపోతే చట్టమే ఎందుకు? తలపాగా కట్టే సిక్కులకు మోటార్‌సైకిల్ హెల్మెట్ నుంచి బ్రిటన్ 1976లో ఇచ్చిన మినహాయింపు మీద ఈ పదును బాగా తెలుస్తుంది. అక్కడ ప్రమాదం ప్రధానంగా నడిపేవాడిదే, మినహాయింపు పొందేవారు కొద్దిమందే, కాబట్టి చట్టం ప్రయోజనం పెద్దగా దెబ్బతినదు. ఇతరులకు ముప్పు ఉన్నచోట అంత సులువు కాదు. సిక్కులు మతాచారంగా ధరించే చిన్న కత్తి కిర్పాణ్‌ను బడిలోకి తీసుకురావడం విషయంలో కెనడా సుప్రీంకోర్టు 2006లో పూర్తి నిషేధాన్ని కొట్టేసింది, ఒరలో పెట్టి బట్టల లోపల కుట్టి ఉంచాలన్న షరతులతో అనుమతి నిలబడింది. కత్తెరలు, బేస్‌బాల్ బ్యాట్లు బడిలో సులువుగానే దొరుకుతాయని కూడా గుర్తుచేసింది. ‘ఇవ్వాలా వద్దా’ అని కాకుండా ‘ఏ షరతుతో’ అని రాయడం అలవాటు చేసుకుంటే సగం గొడవలకు దారి దొరుకుతుంది.

తటస్థత పేరుతో జరిగే పొరపాటు ఒకటుంది: రాజ్యం అన్ని సంస్కృతులకూ సమాన దూరంలో ఉండగలదనుకోవడం. రాజ్యం ఏ మతాన్నీ తనది చేసుకోకుండా ఉండగలదు. ఏ భాషా లేకుండా మాత్రం ఉండలేదు. కోర్టు, బడి, ఆఫీసు ఏదో ఒక భాషలోనే నడవాలి, ఏదో ఒక రోజునే సెలవివ్వాలి. మెజారిటీ సంస్కృతి ‘మామూలు’గా, మిగతావి ‘ప్రత్యేక కోరిక’లుగా కనిపించేది ఇందువల్లే.

చివరగా, మీరు రాసిన తీర్పులో సమూహం పేరు కొట్టేసి మెజారిటీ సమూహం పేరు పెట్టి చదవండి. జవాబు మారితే కారణం కాగితం మీద ఉందో లేదో చూడండి. ‘వీళ్లు తక్కువమంది, ఓటుతో తమను తాము కాపాడుకోలేరు’ అన్నది చెల్లే కారణం. దాన్ని స్పష్టంగా రాయండి. అలాంటిదేదీ దొరకకపోతే, భారం ఎటు పడుతోందన్న ప్రశ్న దగ్గరికి తిరిగి వెళ్లి మళ్లీ మొదలుపెట్టాలి.