బిడ్డ పేరుకి నెట్‌లో చెప్పిన అర్థం నిజమేనా? ఇలా చూసుకోండి

బిడ్డకి పేరు వెతికేటప్పుడు చాలామంది చేసేది ఒకటే, గూగుల్‌లో పేరు కొట్టి, పైన వచ్చిన సైట్‌లో అర్థం చూసి, బాగుందనుకుని ఖాయం చేసేయడం. పది సైట్లలో అదే అర్థం కనబడితే ఇక డౌటే రాదు. కానీ ఆ పది చోట్లా వాక్యం కూడా అక్షరం పొల్లుపోకుండా ఒకేలా ఉందేమో గమనించండి. ఉంటే అవి పది సాక్ష్యాలు కావు, ఒకరు రాసింది మిగతావాళ్లు ఎత్తి పెట్టుకున్నారంతే.

ఆరవ్ సంగతే చూడండి. చాలా లిస్టుల్లో దీనికి 'ప్రశాంతమైనవాడు' అని ఉంటుంది. 1899లో వచ్చిన మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువు తీస్తే ఆరవ అంటే అరుపు, కేక, చప్పుడు. తెలుగులో రవము అంటే ధ్వని అని మనకి తెలిసిందే, దానికి ముందు 'ఆ' చేరింది, అంతే. పేరు చెడ్డదని నేననడం లేదు, పిలవడానికి హాయిగా ఉంటుంది, నచ్చితే పెట్టుకోండి. కానీ పిల్లాడు పెద్దయ్యాక నా పేరుకి అర్థమేంటని అడిగితే ఉన్నది చెప్పగలగాలి కదా.

అన్నిటికంటే ముందు పేరుని దాని సొంత లిపిలో రాసుకోండి. ఇంగ్లీషు అక్షరాల్లో రాస్తే దీర్ఘాలు, శ-స తేడాలు, త-ట తేడాలు అన్నీ కలిసిపోతాయి, తప్పుల్లో చాలా భాగం పుట్టేది ఇక్కడే. సీత అంటే నాగటిచాలు, సిత అంటే తెల్లనిది, శీత అంటే చల్లనిది. ఇంగ్లీషు స్పెల్లింగ్‌లో మూడూ ఇంచుమించు ఒకటే. అనయ ఇంకా ఇబ్బంది. అరబిక్‌లో ఇనాయా అంటే శ్రద్ధ, సంరక్షణ. సంస్కృతంలో అనయ అంటే నీతి తప్పిన నడత, ఆపద. స్పెల్లింగ్‌లో ఒక్క అక్షరమే తేడా కాబట్టి ఆ సంరక్షణ అర్థాన్ని తెచ్చి దీనికి తగిలించిన లిస్టులు కనిపిస్తాయి.

తర్వాత భాష. 'మూలం: హిందూ' అనో 'మూలం: ఇండియన్' అనో రాస్తే ఆ పేజీ మూసేయండి, మతం పేరు చెప్పినా దేశం పేరు చెప్పినా ఏ నిఘంటువు తీయాలో తెలియదు. ఒకే శబ్దం వేర్వేరు భాషల్లో విడివిడిగా పుట్టొచ్చు కూడా. నవోమి హీబ్రూలో ఆహ్లాదకరమైనది. జపాన్‌లోనూ నవోమి ఉంది, దీనితో ఏ సంబంధమూ లేదు, అక్కడ ఏ కంజీ అక్షరాలతో రాశారన్నదాన్ని బట్టి అర్థం మారుతుంది.

భాష తేలాక నిఘంటువు. తెలుగు మాటలకి ఆంధ్రభారతి సైట్‌లో చాలా నిఘంటువులు ఒకేసారి వెతకొచ్చు, సంస్కృతానికి కొలోన్ యూనివర్సిటీ వాళ్లు మోనియర్ విలియమ్స్‌తో పాటు ఇంకా ఎన్నో ఫ్రీగా పెట్టారు. మోనియర్ విలియమ్స్‌లో ఒక అర్థం పక్కన ఎల్ అనే అక్షరం, చుక్క (L.) ఉంటే జాగ్రత్త, అది పాత కోశాల్లో మాత్రమే దొరికిందనీ, కావ్యాల్లో, శాస్త్రాల్లో వాడిన దాఖలా నిఘంటువు కూర్చినవాళ్లకి కనబడలేదనీ గుర్తు. ఒక మాటకి అర్థాలు బోలెడుంటే సైట్లు అందమైనది ఒక్కటే ఏరుకుంటాయి. అమరకోశంలో హరి అంటే విష్ణువు, ఇంద్రుడు, సూర్యుడు, సింహం, గుర్రం, చిలుక, పాము, కోతి, కప్ప... ఇంకా ఉన్నాయి. మొత్తం ఎంట్రీ చదవండి. 'విష్ణువు ఇంకో పేరు' అని రాస్తే విష్ణు సహస్రనామం పాఠంలో నేరుగా వెతకండి, అయిదు నిమిషాల పని.

పాశ్చాత్య పేర్లకి బిహైండ్ ద నేమ్ సైట్ నయం, తెలియనిది తెలియదనే రాస్తారు. వెనెస్సాకి 'సీతాకోకచిలుక' అని చాలాచోట్ల ఉంటుంది. నిజానికి ఆ పేరు పద్దెనిమిదో శతాబ్దపు రచయిత జొనాథన్ స్విఫ్ట్ తన స్నేహితురాలి ఇంటిపేరు ముక్కని, ముద్దుపేరుని కలిపి అల్లింది. ఒక జాతి సీతాకోకచిలుకలకి ఫాబ్రీషియస్ అనే కీటక శాస్త్రవేత్త అదే పేరు పెట్టింది 1807లో, అంటే చాలా తర్వాత. క్లాడియా మూలం లాటిన్‌లో కుంటి అనే మాట, ఇలాంటివి సైట్లు మెత్తగా మార్చేస్తాయి. 'ఎంతో ప్రాచీనమైన పేరు' అంటే మాత్రం అమెరికా ప్రభుత్వ సోషల్ సెక్యూరిటీ శాఖ పెట్టే పేర్ల లెక్కలు చూడండి, 1880 నుంచి ఏ ఏడాది ఏ పేరు ఎంతమందికి పెట్టారో ఉంటుంది. అమెరికాలో వాడకం వరకే అనుకోండి, అయినా నిన్నగాక మొన్న పుట్టిన పేర్లు చాలావరకు బయటపడతాయి.

చాట్‌బాట్‌ని అడిగితే అదీ ఆ లిస్టులే చదువుకుని ఉంటుంది. అర్థం అడగడం కంటే ఏ నిఘంటువులో, ఏ మాట కింద ఉందని అడిగి, ఆ పేజీ మీరే తెరిచి చూసుకోండి.

కొన్నిటికి చివరిదాకా తేలదు. మేరీకి మూలమైన మిర్యామ్ అర్థం మీద పండితులే ఒప్పందానికి రాలేదు, 'చేదు' అని కొందరు, 'కోరుకున్న బిడ్డ' అని కొందరు. అలాంటప్పుడు నచ్చినదాన్ని ఖాయం చేసేయకుండా రెండూ రాసుకోండి, ఏది ఏ పుస్తకంలో దొరికిందో పక్కనే రాసి పెట్టండి.